కాంట్రాక్టు అయిపోయిందన్నారు, ఆ తర్వాత?



అమెరికా బడుల్లో వసంతకాలం ఉత్తరాల కాలం. వచ్చే ఏడాది ఎవరు ఉంటారు, ఎవరు ఉండరు అన్నది తేలేది అప్పుడే. కాలిఫోర్నియాలో అందరి కళ్లూ మార్చి 15 మీదే. ప్రొబేషన్‌లో రెండో ఏడాది నడుస్తున్న టీచరును కొనసాగించే ఉద్దేశం లేకపోతే స్కూల్ డిస్ట్రిక్టు ఆ తేదీలోగా చెప్పి తీరాలి. చెప్పకుండా ఊరుకుంటే ఆ టీచరు పర్మనెంటు అయిపోయినట్టే లెక్క. టెక్సాస్‌ది ఇంకో పద్ధతి. టర్మ్ కాంట్రాక్టు మీదున్న టీచరుకు ఆ ఏడాది పాఠాలు ముగిసే రోజుకు కనీసం పది రోజుల ముందు నోటీసు అందాలి. అందకపోతే పాత ఉద్యోగమే మరో ఏడాది సాగుతుంది. అందితే, విచారణ కావాలని అడగడానికి టీచరుకు 15 రోజులు గడువుంటుంది. పదహారో రోజున ఎంత మంచి లాయరు దొరికినా లాభం లేదు.

తేదీల సంగతి అది. అసలు ప్రశ్న వేరే ఉంది. ఏడాది కాంట్రాక్టు ఏడాదికి అయిపోయింది. ఆ మనిషికి ‘ఎందుకు తీసేశారు’ అని అడిగే హక్కు ఉంటుందా?

ఈ ప్రశ్నకు అమెరికా సుప్రీంకోర్టు ఒకే రోజున, 1972 జూన్ 29న, రెండు జవాబులిచ్చింది. మొదటిది డేవిడ్ రాత్ కేసు. ఆయన విస్కాన్సిన్‌లోని ఆష్‌కాష్ స్టేట్ యూనివర్సిటీలో రాజనీతిశాస్త్రం చెప్పడానికి 1968లో ఏడాది కాంట్రాక్టు మీద చేరారు. మరుసటి ఏడాదికి మీరు అక్కర్లేదన్నారు. కారణం చెప్పలేదు. విద్యార్థుల విషయంలో యాజమాన్యాన్ని విమర్శించినందుకే తనను సాగనంపారని ఆయన కోర్టుకెక్కారు. విచారణ జరపాల్సిన పని లేదని కోర్టు తేల్చింది. ఆయనకున్నది ఏడాది కాగితం, ఆ ఏడాది పూర్తిగా ఇచ్చారు, జీతమూ ఇచ్చారు. మళ్లీ ఇస్తారన్న ఆశ ఉంటే ఉండవచ్చు గాని, ఆశకు రాజ్యాంగం హామీ ఉండదు.

రెండోది రాబర్ట్ సిండర్‌మన్ కేసు. టెక్సాస్ ప్రభుత్వ కాలేజీల్లో పదేళ్లు చెప్పిన మనిషి. అందులో చివరి నాలుగేళ్లు ఒడెస్సా జూనియర్ కాలేజీలో, ప్రతిసారీ ఏడాది కాంట్రాక్టే. రాష్ట్ర జూనియర్ కాలేజీ ఉపాధ్యాయ సంఘానికి అధ్యక్షుడై, కాలేజీ పాలకమండలికి రుచించని మాటలు శాసనసభ కమిటీల ముందు చెప్పారు. 1969 మేలో కాంట్రాక్టు ఆపేశారు. అవిధేయత అంటూ ఒక పత్రికా ప్రకటన విడుదల చేశారు. ఆయన వాదన ఒక్కసారి ఎవరూ వినలేదు. ఇక్కడ కోర్టు మాట మారింది. కాగితం మీద పర్మనెంటు అని లేకపోయినా, ఆ కాలేజీ తన అధ్యాపకులకు ఇచ్చిన కరదీపికలో, ఏళ్ల తరబడి నడిచిన ఆనవాయితీలో, పని బాగుంటే ఉంచుతామన్న ఒప్పందం కనబడితే దాన్ని నిరూపించుకునే అవకాశం ఇవ్వాలంది. అంతకంటే ముఖ్యమైన మాట ఇంకొకటి అంది. పర్మనెంటు కాకపోయినా సరే, నోరు విప్పి మాట్లాడినందుకు శిక్షగా కాంట్రాక్టు ఆపడానికి వీల్లేదు.

ఈ రెండు తీర్పులూ పక్కపక్కన పెట్టి చదివితేనే చట్టం అర్థమవుతుంది. గడువు తీరడం వేరు, మధ్యలో తెగ్గొట్టడం వేరు. గడువు తీరినప్పుడు కారణం చెప్పనక్కర్లేదు గాని, తప్పుడు కారణంతో ఆపకూడదు. వినడానికి తమాషాగా ఉంటుంది. చెప్పని కారణం తప్పుడు కారణమని నిరూపించే బరువు ఉద్యోగి నెత్తినే పడుతుంది మరి. రాత్ తీర్పుతో విభేదించిన న్యాయమూర్తి థర్‌గుడ్ మార్షల్ ఈ ఇబ్బందినే పట్టుకున్నారు. ప్రభుత్వం ఒక మనిషికి ఉద్యోగం ఇవ్వనంటే కారణం చెప్పాల్సిందేనన్నది ఆయన పక్షం. మెజారిటీ ఆయనతో కలిసి రాలేదు. యాభై ఏళ్లు దాటినా ఈ విషయంలో మార్షల్ మాటే న్యాయంగా తోస్తుంది.

మన దగ్గర పరిస్థితి మెరుగని అనుకోవడానికి లేదు. 1988లో సుందరాంబాళ్ కేసులో భారత సుప్రీంకోర్టు, టీచరు పారిశ్రామిక వివాదాల చట్టం చెప్పే ‘వర్క్‌మన్’ కాదని తేల్చింది. కార్మికుడికి దొరికే రక్షణ టీచరుకు ఆ దారిన దొరకలేదు. 2006లో ఉమాదేవి కేసులో రాజ్యాంగ ధర్మాసనం, ఎన్నేళ్లు కాంట్రాక్టు మీద చేసినా అది పర్మనెంటు హక్కు కాదంది. తెలంగాణలో విద్యా వలంటీర్లకు కరోనా ఏడాది రెన్యువల్ లేకుండా పోయినప్పుడు, వాళ్ల ముందున్నది ఆష్‌కాష్‌లో రాత్ ముందున్న గోడే.

మళ్లీ అమెరికాకు వద్దాం. అక్కడ కాంట్రాక్టు మధ్యలో తీసేస్తే ఏమవుతుందన్నది చెప్పిన కేసులో టీచరు లేరు. క్లీవ్‌లాండ్ స్కూల్ బోర్డులో జేమ్స్ లౌడర్‌మిల్ సెక్యూరిటీ గార్డు. 1979లో చేరారు. దరఖాస్తులో పెద్ద నేరమేదీ లేదని రాశారు. 1968లో దొంగతనం కేసులో శిక్ష పడినట్టు బోర్డుకు తర్వాత తెలిసింది. అబద్ధం చెప్పావంటూ తీసేశారు. అది చిన్న నేరమనుకున్నానని ఆయన చెప్పబోతే వినే మనిషి లేడు. ఆ కేసుతో కలిపి విన్నది పార్మా స్కూల్ బోర్డులో బస్సు మెకానిక్ రిచర్డ్ డానెలీది. కంటి పరీక్ష తప్పారని ఆయన్ను పంపేశారు. 1985లో సుప్రీంకోర్టు చెప్పింది ఇది: సరైన కారణం లేనిదే తీయకూడదన్న రక్షణ ఉన్న ప్రభుత్వ ఉద్యోగిని తీసే ముందు ఆరోపణ ఏమిటో చెప్పాలి, తమ దగ్గరున్న ఆధారమేమిటో చెప్పాలి, అతని మాట వినాలి. పెద్ద కోర్టు విచారణ అక్కర్లేదు. మాట మాత్రం ముందే వినాలి. ఆ తర్వాత వివరంగా విచారణ.

ఏడాది కాంట్రాక్టు మీదున్నవారికీ ఇది వర్తిస్తుంది, కాంట్రాక్టు నడుస్తున్న ఆ ఏడాది వరకు. ఆగస్టులో మొదలైన కాంట్రాక్టును డిసెంబరులో తెంచితే, ఆ మిగిలిన నెలలు ఉద్యోగి ఆస్తి. అయితే రాష్ట్రానికో మెలిక ఉంటుంది. ఫ్లోరిడాలో కొత్తగా చేరిన టీచరుకు ఇచ్చే మొదటి ఏడాది ప్రొబేషనరీ కాంట్రాక్టులో కారణం చెప్పకుండానే తీసేయవచ్చు. 2011 జూలై 1 నుంచి చేరినవారికి అక్కడ ఆ తర్వాత ఇచ్చేవీ ఏడాది కాంట్రాక్టులే. మరోవైపు, 1909లోనే రాష్ట్రవ్యాప్తంగా టీచర్ల ఉద్యోగానికి రక్షణ కల్పించిన మొదటి రాష్ట్రం న్యూజెర్సీ. ఒకే దేశంలో ఇన్ని దేశాలు. పక్క రాష్ట్రంలోని బంధువు చెప్పిన సలహా అందుకే ఒక్కోసారి కొంప ముంచుతుంది.

రేడియోలో మాట్లాడుతూ రేడియో వల్ల ఉద్యోగం పోయిన టీచరును తలుచుకోకపోతే బాగుండదు. ఒహాయోలోని మౌంట్ హెల్దీలో ఫ్రెడ్ డాయిల్ అనే టీచరు, టీచర్లు ఎలాంటి బట్టలు కట్టుకోవాలో చెబుతూ ప్రిన్సిపాల్ పంపిన మెమో సంగతి సిన్సినాటి రేడియో స్టేషనుకు ఫోన్ చేసి చెప్పారు. స్టేషను దాన్ని వార్తగా చదివేసింది. 1971లో ఆయనకు రెన్యువల్ ఇవ్వలేదు. కారణాల్లో రేడియోకు ఫోన్ చేయడమూ ఒకటని బోర్డే రాతపూర్వకంగా ఒప్పుకుంది. ఇక గెలుపు ఖాయమనుకోవాలి. కానీ డాయిల్ గారి ఖాతాలో ఇంకా ఉన్నాయి. తోటి టీచరుతో గొడవ, అమ్మాయిల వైపు అసభ్య సైగలు, క్యాంటీన్‌లో స్పగెటీ తక్కువ వడ్డించారని సిబ్బందితో తగాదా. 1977లో సుప్రీంకోర్టు ఒక పరీక్ష పెట్టింది. మాట్లాడినందుకే కక్ష కట్టారని ఉద్యోగి ముందు చూపాలి. అది లేకపోయినా ఇదే నిర్ణయం తీసుకునేవాళ్లమని బోర్డు చూపగలిగితే బోర్డు గట్టెక్కుతుంది. ఇప్పటికీ ఇలాంటి కేసులన్నీ ఈ తూకంలోనే తూగుతాయి. అందుకే పాత ఫైల్లోని ప్రతి మెమోకూ విలువ ఉంది, యాజమాన్యానికీ, ఉద్యోగికీ.

ఇంతవరకూ చెప్పిందంతా ప్రభుత్వ బడుల సంగతి. రాజ్యాంగం కట్టడి చేసేది ప్రభుత్వాన్ని. బడి ఎవరిదన్నది తేలకుండా హక్కు ఏమిటన్నది తేలదు. మసాచుసెట్స్ బ్రూక్‌లైన్‌లో ఒక ప్రైవేటు బడికి ఖర్చులో 90 శాతానికి పైగా ప్రభుత్వమే ఇచ్చేది. అక్కడ ఉద్యోగం పోయినవాళ్లు రాజ్యాంగ హక్కులడిగితే, డబ్బు ప్రభుత్వానిదైనా తీసేసింది ప్రైవేటు బడేనని 1982లో సుప్రీంకోర్టు తిప్పి పంపింది. ప్రభుత్వ నిధులతో విడిగా నడిచే చార్టర్ స్కూళ్లు పేరుకు పబ్లిక్ స్కూళ్లే. ఆరిజోనాలో అలాంటి బడిలో వ్యాయామం నేర్పే మైకేల్ కావినెస్ కేసులో 2010లో తొమ్మిదో సర్క్యూట్ కోర్టు, ఉద్యోగుల విషయంలో ఆ బడి నడిపే సంస్థ ప్రభుత్వం కిందికి రాదంది. మత సంస్థల బడుల్లో ఇంకా కష్టం. మిషిగన్‌లో లూథరన్ బడి టీచరు చెరిల్ పెరిచ్‌కు నిద్రను అదుపులో పెట్టుకోలేని జబ్బు వచ్చింది, ఉద్యోగం పోయింది. మతబోధనలో పాలున్న టీచర్లలో ఎవరిని ఉంచుకోవాలో చర్చి ఇష్టమని 2012లో తొమ్మిదిమంది న్యాయమూర్తులూ ఏకగ్రీవంగా చెప్పారు. 2020లో లాస్ ఏంజిలిస్ ప్రాంతపు క్యాథలిక్ బడుల కేసుల్లో ఆ గీత ఇంకాస్త విస్తరించింది. అందులో ఒక టీచరుది రొమ్ము క్యాన్సరు తర్వాత పోయిన ఉద్యోగం. తీర్పు వచ్చేసరికి ఆమె లేరు.

బస్సు నడిపేవాళ్లు, వంటగదిలో పనిచేసేవాళ్లు, ఊడ్చి తుడిచేవాళ్లు చాలాచోట్ల స్కూలు ఉద్యోగులు కారు, కాంట్రాక్టు కంపెనీ ఉద్యోగులు. వీళ్లకు విచారణ హక్కు ఉండదు గాని డిస్ట్రిక్టు ఉద్యోగికి లేని ఒక హక్కు ఉంటుంది. వందమంది గానీ అంతకంటే ఎక్కువ గానీ పనిచేసే ప్రైవేటు కంపెనీ పెద్దఎత్తున తొలగింపులు చేస్తే, 1988 నాటి ఫెడరల్ చట్టం ప్రకారం 60 రోజుల ముందు నోటీసివ్వాలి. ప్రభుత్వ సంస్థలకు ఆ చట్టం వర్తించదు.

ఇక మన ఇళ్ల సంగతికి వద్దాం. 2015 మేలో హెచ్-1బి ఉద్యోగ వీసా మీదున్నవారి కుటుంబాలకిచ్చే హెచ్-4 వీసాదారుల్లో కొందరికి పని అనుమతి మొదలయ్యాక, బిడ్డల బడిలోనే సబ్‌గానో (టీచరు రానిరోజు బదులు టీచరు), పారాగానో (క్లాసులో టీచరుకు సహాయకురాలు), లంచ్ మానిటర్‌గానో చేరిన తెలుగు ఆడవాళ్లు ఎందరో ఉన్నారు. ఇక్కడ ఇంజనీరింగ్ చదివి అక్కడ చిన్నపిల్లల కోట్ల జిప్పులు పెడుతున్నామని నవ్వుతూ చెబుతుంటారు. ఈ ఉద్యోగాలు ఎక్కువగా ‘ఎట్-విల్’. రేపటి నుంచి రావద్దంటే రావద్దంతే. మోంటానా తప్ప మిగతా 49 రాష్ట్రాల్లో మామూలు సూత్రం అదే. అయినా జాతి, మతం, లింగం, పుట్టిన దేశం, వైకల్యం, నలభై దాటిన వయసు, వీటిలో ఏది కారణమైనా తొలగింపు చెల్లదు. సమాన ఉపాధి అవకాశాల కమిషన్‌కు ఫిర్యాదు చేయడానికి గడువు 180 రోజులు. రాష్ట్రంలో అలాంటి ఏజెన్సీ ఉంటే సాధారణంగా 300 రోజులు. పని అనుమతి కార్డుదీ ఒక చిక్కే. 2025 అక్టోబరు 30 నుంచి పెట్టిన రెన్యువల్ దరఖాస్తులకు పాత కార్డుకు దానంతటదే పొడిగింపు దొరికే వెసులుబాటు తీసేశారు. కొత్త కార్డు చేతికి రాకముందే పాతది ముగిస్తే బడి వాళ్లను పనిలో ఉంచుకోలేదు.

విదేశాల నుంచి రప్పించిన టీచర్లది అన్నింటికంటే ఇరుకైన బతుకు. అందులో పెద్ద ఉదాహరణలు ఫిలిప్పీన్స్ వాళ్లవి. మనవాళ్లు వెళ్లేదీ అదే హెచ్-1బి దారి కాబట్టి తెలుసుకోదగ్గవి. మేరీలాండ్‌లో ప్రిన్స్ జార్జెస్ కౌంటీ బడులు విదేశీ టీచర్ల చేత వీసా ఖర్చులు పెట్టించాయని కార్మిక శాఖ 2011లో తేల్చింది. ఆ ఖర్చులు యజమాని భరించాల్సినవి. 1,044 మంది టీచర్లకు 42 లక్షల డాలర్లు తిరిగి చెల్లించమంది. అక్కడితో కథ సుఖాంతమయ్యేది. కానీ శిక్షగా ఆ కౌంటీ రెండేళ్లపాటు హెచ్-1బి దరఖాస్తులు పెట్టకూడదని కూడా రాసుకున్నారు. ఫలితంగా వీసా గడువు దగ్గరపడిన టీచర్లకు పొడిగింపు పెట్టే దిక్కు లేకపోయింది. మోసపోయినవాళ్లకే ఉద్యోగం పోయింది. శిక్ష యజమానికి, దెబ్బ ఉద్యోగికి. ఇంతకంటే వంకర న్యాయం వెతికినా దొరకదు.

లూసియానాలో ఇంకో దారుణం. 350 మందికి పైగా టీచర్లను తెచ్చిన లాస్ ఏంజిలిస్ రిక్రూటింగ్ కంపెనీ ఒక్కొక్కరి దగ్గర వేల డాలర్లు గుంజింది. డబ్బు కట్టేదాకా పాస్‌పోర్టులు అట్టిపెట్టుకుంది. 2012 డిసెంబరులో ఫెడరల్ జ్యూరీ ఆ కంపెనీ, దాని యజమాని 45 లక్షల డాలర్లు చెల్లించాలంది.

హైదరాబాద్‌లో ఏజెంటు ముందు కూర్చుని బాండు మీద సంతకం పెట్టేవాళ్లు ఇది గుర్తుపెట్టుకోవాలి. హెచ్-1బి ఉద్యోగి గడువుకు ముందే మానేస్తే జరిమానా కట్టాలనడం అమెరికా చట్టం ఒప్పుకోదు. రాష్ట్ర చట్టం ఒప్పుకునే న్యాయమైన నష్టపరిహారం వేరు, బెదిరించే జరిమానా వేరు. ఆ తేడా తేల్చేది కోర్టు, ఏజెంటు కాదు. వీసా గడువు తీరకముందే యజమానే తీసేస్తే స్వదేశం చేరే ప్రయాణ ఖర్చు యజమాని ఇవ్వాలి. తొలగింపు సంగతి ఉద్యోగికీ, ఇమిగ్రేషన్ శాఖకూ తెలిపి, ప్రయాణ ఖర్చు ఇస్తామనేదాకా తొలగింపు పూర్తయినట్టు కాదని, జీతం బాకీ పెరుగుతూనే ఉంటుందని కార్మిక శాఖ అప్పీలు బోర్డు 2006లో చెప్పింది. ఉద్యోగం పోయాక ఉండనిచ్చేది గరిష్ఠంగా 60 రోజులు. దేశంలో ఉండే గడువు చెప్పే ఐ-94 అంతకంటే ముందే ముగిస్తే అప్పటివరకే. ఈ వెసులుబాటు వచ్చింది 2017 జనవరిలో. సాధారణంగా లెక్క మొదలయ్యేది జీతం వర్తించే చివరి రోజు మర్నాటి నుంచి. ఆలోగా కొత్త బడి పిటిషన్ పెట్టాలి, లేదా హోదా మార్చుకోవాలి, లేదా పెట్టె సర్దుకోవాలి.

డబ్బు సంగతి. ఇరవై మంది గానీ అంతకంటే ఎక్కువ గానీ ఉద్యోగులున్న చోట ఆరోగ్య బీమాను సాధారణంగా 18 నెలలు కొనసాగించుకోవచ్చు. ఎంచుకోవడానికి 60 రోజులుంటాయి. ప్రీమియం మాత్రం 102 శాతం వరకు మన జేబులోంచే. నిరుద్యోగ భృతి దగ్గర బడి ఉద్యోగులకు ప్రత్యేకంగా ఒక మేకు కొట్టారు. సెలవుల తర్వాత మళ్లీ పని ఉంటుందని తగినంత భరోసా ఉంటే, ఆ వేసవికి భృతి లేదంటుంది ఫెడరల్ చట్టం. ఆ భరోసా ఎంత గట్టిదన్న దాని మీదే తగువులన్నీ. పిల్లలు చేరితే, నిధులొస్తే క్లాసు ఇస్తామనడం భరోసా కాదని 1989లో కాలిఫోర్నియా అప్పీలు కోర్టు పార్ట్‌టైమ్ అధ్యాపకుల పక్షాన చెప్పింది. 2023లో మిన్నెసోటా తన చట్టమే మార్చి, గంటల లెక్కన పనిచేసే బస్సు డ్రైవర్లకు, పారాలకు వేసవి భృతి తెరిచింది. కరోనా సాయంగా ఫెడరల్ ప్రభుత్వం బడులకు మూడు విడతల్లో ఇచ్చిన దాదాపు 190 బిలియన్ డాలర్లలో చివరి విడతకు గడువు 2024 సెప్టెంబరు 30తో తీరింది. ఆ డబ్బు మీద వేసుకున్న తాత్కాలిక ఉద్యోగాలు పోతున్నప్పుడు ఈ భరోసా అన్న ముక్కే ఎందరికో అక్కరకొచ్చింది, ఎందరికో అడ్డమూ పడింది.

చివరగా ఒక విన్నపం. ‘తీసేశామని రికార్డులో పడితే మీకే మచ్చ, రాజీనామా ఇచ్చేయండి’ అని ప్రిన్సిపాల్ మర్యాదగా కాగితం ముందు పెడితే, మనవాళ్లు పరువు కోసం వెంటనే సంతకం చేస్తారు. ఆ సంతకంతో విచారణ అడిగే హక్కు పోవచ్చు, నిరుద్యోగ భృతి చిక్కుల్లో పడుతుంది, వీసా మీదున్నవారికి తిరుగు ప్రయాణ ఖర్చు పోతుంది. ఆ రోజు సంతకం చేయకండి. చదివి రేపు చెబుతానని ఇంటికి తెచ్చుకోండి. నలభై దాటిన ఉద్యోగి డబ్బు తీసుకుని వయసు వివక్ష హక్కులు వదులుకునే ఒప్పందమైతే, ఆలోచించుకోవడానికి 21 రోజులు, సంతకం చేశాక కూడా వెనక్కి తీసుకోవడానికి 7 రోజులు చట్టమే ఇచ్చింది. యూనియన్ సభ్యులైతే ఆ సాయంత్రమే స్థానిక ప్రతినిధికి ఫోన్ చేయండి. కాకపోతే కౌంటీ లీగల్ ఎయిడ్‌కు చేయండి. కాంట్రాక్టు, పనితీరు నివేదికలు, మెచ్చుకుంటూ వచ్చిన ఉత్తరాలు, పే స్టబ్బులు మీవరకు మీవి ఈ వారమే ఇంట్లో ఒక ఫైల్లో పెట్టుకోండి. ఉద్యోగం పోయిన రోజున స్కూలు ఈమెయిలు తెరుచుకోదు.